పదమూడు గొట్టాల ఊపిరి

నమూనాలు దాచే గదిని ఖాళీ చేయాలని కిందటి నెల మా ప్రయోగశాలకు నోటీసు వచ్చింది. ఆ గదిలో అన్నిటికన్నా కింది అరలో, గోడవైపుకు నెట్టి, చెప్పుల డబ్బా అంత అట్టపెట్టె ఒకటి ఉంది. దాని మీద నా దస్తూరీతోనే "పాడైన నమూనా, లెక్కలోకి రాదు" అని రాసి ఉంటుంది. లోపల చిటికెన వేలంత గాజు గొట్టాలు పదమూడు, రబ్బరు మూతలతో. చూస్తే ఖాళీగానే కనిపిస్తాయి. వాటిలో ఉన్నది మా మేనత్త ఊపిరి. ఆమె పోయి ఆరేళ్లయింది.

"ఇది పారేయాల్నా మేడం?" అని మా టెక్నీషియన్ అడిగాడు. కిషన్‌బాగ్ మనిషి, నాతో ఇరవై ఏళ్లుగా పనిచేస్తున్నాడు. ఏ పెట్టెలో ఏముందో నాకన్నా అతనికే బాగా తెలుసు, ఆ ఒక్క పెట్టె సంగతి తప్ప.

"దాన్ని ముట్టుకోకు" అన్నాను. గొంతు అనుకున్నదానికన్నా గట్టిగానే వచ్చినట్టుంది. అతను చేతులు వెనక్కి తీసుకుని నా ముఖం చూశాడు. నాకు కోపం ఎక్కువన్న సంగతి ఆ భవనంలో గేటు దగ్గరి మనిషి నుంచి అందరికీ తెలుసు కాబట్టి, పెద్దగా పట్టించుకోలేదు. వేరే అర సర్దుకోవడం మొదలుపెట్టాడు.

మా ఇల్లు దబీర్‌పురాలో, స్టేషన్‌కు నాలుగు సందుల అవతల. తాతల నాటి నుంచీ మాది పప్పుల వ్యాపారం. కింద దుకాణం, వెనక గోదాం, పైన మేమంతా. మేనత్త, అంటే మా నాన్నకు అక్క, నేను అత్తమ్మ అని పిలిచే మనిషి, పెళ్లయిన మూడేళ్లకే పుట్టింటికి తిరిగి వచ్చేసింది. ఎందుకో ఇంట్లో ఎవరూ చెప్పలేదు, నేనూ అడగలేదు. నాకు తెలిసేసరికే ఆమె ఆ ఇంటికి సగం పెద్దదిక్కు. కొత్త సరుకు వచ్చిందంటే బస్తాలోంచి పిడికెడు పప్పు ముందు పైకి, ఆమె దగ్గరికి రావాల్సిందే. ఒక గింజ కొరికి చూసేది. ఏ నేలలో పండిందో, వాన తిన్నదో లేదో, ఉడకడానికి ఎంతసేపు పడుతుందో చెప్పేది. మా నాన్న ఆ మాట మీదే బేరం ఆడేవాడు. ఆమె చేత్తో తీసి పోస్తే సోలైనా, గిద్దెడైనా తూకంలో తేడా వచ్చేది కాదు. నేను చిన్నప్పుడు అనుమానంతో తక్కెడ తెచ్చి పది సార్లు పరీక్ష పెట్టాను. పది సార్లూ ఆమే గెలిచింది. ఆ రోజు నేను అన్నం తినకుండా అలిగానట, అది కూడా ఆమే చెప్పేది.

చిన్నప్పుడు నాకు ఏం తిన్నా పడేది కాదు. పొట్ట ఉబ్బి కూర్చునేదాన్ని. అత్తమ్మ నన్ను ఒళ్లో పడుకోబెట్టుకుని, పొట్ట మీద వేలితో తట్టి చప్పుడు వినేది. బొడ్డు చుట్టూ ఇంగువ తడిపి రాసేది. రెండు పూటలా పెసరకట్టు తప్ప ఇంకేమీ పెట్టనిచ్చేది కాదు. తర్వాత గంటకోసారి వచ్చి ఒకటే ప్రశ్న. "అరిగిందా బిడ్డా?"

నాకు బాగయిన తర్వాత కూడా ఆ ప్రశ్న పోలేదు. బడి నుంచి వస్తే అరిగిందా. పెళ్లి భోజనానికి వెళ్లి వస్తే అరిగిందా. కాలేజీలో చదివే రోజుల్లో స్నేహితురాలిని ఇంటికి తీసుకొస్తే, ఆ పిల్లను కూడా అడిగింది. నేను సిగ్గుతో చచ్చిపోయాను. తిన్నావా అని లోకంలో అందరూ అడుగుతారు, అరిగిందా అని అడిగే మనిషి మా ఇంట్లోనే ఎందుకు పుట్టిందని ఆ రోజు ఆమె మీద రుసరుసలాడాను కూడా.

ఆ ప్రశ్నే పట్టుకుని ముప్పై ఏళ్లు ఉద్యోగం చేస్తానని అప్పుడు ఎవరైనా చెబితే నవ్వేదాన్ని. తిన్న ప్రోటీన్‌లో ఎంత అరుగుతుంది, ఎంత ఒంటికి పడుతుంది, ఎంత వృథాగా బయటికి పోతుంది అన్నదే నా పని. మొదట్లో ఎలుకల మీద చేసేవాళ్లం. తూచి పప్పు పెట్టడం, తర్వాత అవి వేసిన పెంటను ఎండబెట్టి తూచడం. ఈ సంగతి ఇంట్లో తెలిసిన రోజు పెద్ద తమాషా. మా నాన్న దుకాణంలో గిరాకీలకు చెప్పుకునేవాడు. "మన గోదాంల ఎలుకలను సంపనీకి మందు పెడ్తం. మా బిడ్డ పట్నం ఆ కొసకు పోయి అవే ఎలుకలకు మంచి పప్పు తినబెడ్తది. దానికి సర్కారోళ్లు జీతం గూడ ఇస్తరు!" అందరూ పగలబడి నవ్వేవాళ్లు. అత్తమ్మ మాత్రం నవ్వలేదు. నన్ను పక్కకు పిలిచి, "మరి ఎలుకలకు అరిగిందా?" అని అడిగింది. నా పని గురించి సూటిగా అడిగిన మొదటి మనిషి ఆమె. నేను అరగంట సేపు చెప్పాను. ఆమె ఊఁ కొడుతూ పూర్తిగా వింది.

తర్వాత ఎలుకల కాలం పోయి మనుషుల కాలం వచ్చింది. మనిషికి ఎంత అరిగిందో తెలుసుకోవడానికి ఇప్పుడు ఊపిరిని పరీక్షిస్తాం. మామూలు కర్బనం కన్నా కాస్త బరువైన కర్బనం ఒకటి ఉంటుంది, ఒంటికి ఏ హానీ చేయదు. మూసిన గాజు గదిలో, ఆ కర్బనం కలిపిన గాలిలో పెసర మొక్కలను పెంచుతాం. గింజల్లోకి అది ఎక్కుతుంది. ఆ పప్పు వండి పెడితే, అరిగి ఒంటికి పట్టినదాంట్లో కొంత మళ్లీ ఊపిరిలో బయటికి వస్తుంది. అరగనిది రాదు. తినకముందు ఒక గొట్టంలోకి, తిన్న తర్వాత అరగంటకో గొట్టంలోకి ఊదిస్తే చాలు, యంత్రం గీత గీసి చూపిస్తుంది. నాలుగు నెలలు పెంచితే దోసెడు గింజలు వచ్చేవి. వాటిని నేను తాళం వేసి దాచుకునేదాన్ని.

పెద్ద వయసువాళ్ల మీద ఆ పరీక్ష మొదలుపెట్టే ముందు, ఒకసారి ఎవరి మీదైనా చేసి చూద్దామనుకున్నాను. అంతసేపు కూర్చోగలరా, గొట్టంలోకి ఊదగలరా అన్నది తెలియాలి. అత్తమ్మకు చెప్పగానే ఎగిరి గంతేసింది. అప్పటికి ఆమెకు డెబ్బై దాటాయి. ప్రయోగశాలకు రమ్మంటే, "నేను గంత దూరం రాను, నువ్వే డబ్బాలన్ని తెచ్చుకో" అంది. ఒక ఆదివారం పొద్దున్నే అన్నీ మోసుకుని లోకల్ రైల్లో దబీర్‌పురా వెళ్లాను.

ముందు పప్పు చూపించమంది. వండని గింజ ఒకటి ఇచ్చాను. కొరికింది. ఆలోచించింది. ఇంకోటి అడిగింది.

"గిది ఎండ గాలి తగలని పప్పు" అంది. "ఏడ పెంచినవే దీన్ని, పెట్టెల పెట్టినవా?"

నేను నోరు తెరిచాను. గాజు గది సంగతి ఆమెకు చెప్పనే లేదు. మా సంస్థలో పెద్ద పెద్ద వాళ్లకు యంత్రాలు పెడితేగానీ తెలియని విషయం అది.

తినకముందు మొదటి గొట్టం ఇచ్చాను, స్ట్రాతో గొట్టం అడుగుదాకా ఎలా ఊదాలో చూపించాను. ఆమె నవ్వింది. "జిందగీ అంత పొయ్యి ఊదిన. గిప్పుడు గాజు గొట్టం ఊదుడా?" అంటూనే, కళ్లు మూసుకుని పొడుగ్గా, ఒద్దికగా ఊదింది. నేను మూత బిగించాను. డాబా మీద నీడలో చాప వేసి, తూచిన అన్నం, తూచిన పప్పు గిన్నె ఆమె ముందు పెట్టాను. గొట్టాల మీద అంకెలు రాసుకోవడానికి అటు తిరిగాను. నిమిషం కూడా కాలేదు. ఇటు తిరిగి చూసేసరికి పిట్టగోడ మీద కాకి. దాని ముక్కులో నా పప్పన్నం.

మా ఇంట్లో పెద్దవాళ్లందరికీ ఆ అలవాటే. మొదటి ముద్ద పక్కకు తీసి కాకికి పెట్టందే అత్తమ్మ ఎన్నడూ ఒక్క మెతుకు నోట్లో వేసుకోలేదు. నేను పుట్టినప్పటి నుంచి చూస్తున్నదే. గిన్నెలో ఉన్నదంతా తినాలి, గింజ కూడా మిగల్చకూడదని పదిసార్లు చెప్పాను కానీ, కాకి ముద్ద పెట్టకు అని చెప్పాలన్న ఆలోచనే నాకు రాలేదు. ఆమెకూ అది మిగల్చడంగా తోచలేదు.

నేను అరిచాను. ఏమేమి అన్నానో ఇప్పటికీ ఒక్కొక్క మాట గుర్తుంది, అది నాకు శిక్ష. నాలుగు నెలలు పెంచిన పప్పు కాకుల పాలు చేశావన్నాను. చదువు లేనివాళ్లతో పెట్టుకుంటే ఇలాగే ఉంటుందన్నాను. ఈ పరీక్షకు ఇక విలువ లేదు, ఎంత తిన్నదీ తెలియకుండా ఎంత అరిగిందో ఎలా తెలుస్తుందన్నాను. అత్తమ్మ చేతిలో ముద్ద అలాగే ఉండిపోయింది.

"గంత చిన్న ముద్దకు గింత లొల్లా?" అంది మెల్లగా. తర్వాత నా ముఖం చూసి, "ఫికర్ జేయకు బిడ్డా. మళ్ల గంతే ముద్ద జేసి చూపిస్త. తూకం ఏసుకో. నా చెయ్యి తప్పదని నీకెరుకే గద?" అంది.

"సైన్సంటే అట్ల కాదు అత్తమ్మా" అన్నాను.

ఆమె మిగిలినదంతా గిన్నె తుడిచి తినేసింది. ఆ తర్వాత ఆరు గంటలు గోడకు ఆనుకుని నిటారుగా కూర్చుంది. నేను అరగంటకోసారి వెళితే గొట్టం అందుకుని ఊదేది, ఇచ్చేసేది. ఒక్క మాట లేదు. రోజుకు వంద కబుర్లు చెప్పే మనిషి. కోపం వచ్చిందనుకుని నేనూ బింకంగానే ఉన్నాను. చివరి గొట్టం అయ్యాక, "ఇగ మాట్లాడొచ్చా?" అని అడిగింది. "మాట్లాడితే ఊపిరి ఖర్చైతదని గమ్మునున్న. నీకు సరిపోయిందా?"

నేను సామాను సర్దుకుని రైలెక్కాను. ప్రయోగశాలకు చేరగానే పెట్టె మీద ఆ మాట రాసి కింది అరలోకి తోసేశాను.

వెళ్లినప్పుడల్లా అడిగేది. "నా ఊపిరి లెక్క వచ్చిందా? అరిగిందా?" ఇంకా రాలేదు అత్తమ్మా, యంత్రం ఖాళీ లేదు అనేదాన్ని. సూటిగా చెప్పాలంటే అబద్ధం. యంత్రం ఎన్నోసార్లు ఖాళీగా ఉంది. అసలు పరీక్ష మొదలైంది, యాభై మంది కాబోలు వచ్చారు, వాళ్లందరి గొట్టాలూ యంత్రానికి పెట్టాను. ఒకటి మాత్రం చేశాను. తూచిన గిన్నె పక్కన విడిగా ఒక చెంచాడు మామూలు పప్పన్నం పెట్టించేదాన్ని, ఎవరైనా దేవుడికో కాకికో తీసి పెట్టాలనుకుంటే అందులోంచి పెట్టమని. వచ్చిన పెద్దవాళ్లలో చాలామంది చెప్పకుండానే దాన్ని పక్కకు పెట్టారు. బయటి నుంచి వచ్చిన నిపుణులు ఆ ఏర్పాటు చూసి నన్ను మెచ్చుకున్నారు. ఇది ఎలా తోచింది మీకు అని అడిగితే, అనుభవం అని చెప్పాను. ఆ సంగతి కూడా అత్తమ్మకు చెప్పలేదు.

మరుసటి ఏడు ఆమెకు జబ్బు చేసింది. చివరి పది రోజులు ఏం పెట్టినా నిలవలేదు. నేను చెంచాతో పెసరకట్టు పట్టేదాన్ని, ఇంగువ రాసేదాన్ని, పొట్ట మీద తట్టి వినేదాన్ని. ఏమీ తెలిసేది కాదు నాకు. అన్నేళ్లు చదివిన చదువు ఆ మంచం పక్కన ఎందుకూ పనికిరాలేదు. ఒక మధ్యాహ్నం ఆమె కళ్లు తెరిచి, "ఇప్పుడైతే అరుగుతలేదు, నాకెరుకే. అప్పుడు? అప్పుడు అరిగిందా?" అంది.

"అరిగింది అత్తమ్మా" అన్నాను.

"చూసినవా?"

ఆమె కళ్లలోకి చూసి అబద్ధం చెప్పడం నా వల్ల కాలేదు. తల దించుకున్నాను. అత్తమ్మ నా చెయ్యి తట్టింది. "చూసి చెప్పు" అంది. చూసి చెప్తానన్నాను. రెండు రోజులకు పోయింది.

ఆ తర్వాత మాత్రం నిజంగానే చూడలేకపోయాను. యంత్రం సూది రబ్బరు మూతలో గుచ్చితే లోపలి గాలి అంతా పీల్చుకుంటుంది, గొట్టం ఖాళీ అవుతుంది. ఆమె చీరలు పంచేశారు. ఆమె మంచం మా తమ్ముడి పిల్లలు వాడుకుంటున్నారు. ఆమె గొంతు ఎక్కడా రికార్డు చేసిపెట్టుకోలేదు మేము. ఆమెది అని మిగిలింది నా దగ్గర ఆ ఊపిరి ఒక్కటే, అదీ నేను పాడైందని రాసి పక్కన పడేసింది. మనసు బాగాలేని రోజుల్లో ఆ గదిలోకి వెళ్లి, ఒక గొట్టం తీసి చేతిలో పట్టుకుని నిలబడేదాన్ని. పిచ్చి అనుకోండి. ఆమె కావాలనిపించేది. ఒక్కసారి ఒళ్లో పడుకుని తిట్లు తినాలనిపించేది.

నోటీసు వచ్చిన వారానికి టెక్నీషియన్ మళ్లీ ఆ అర దగ్గర ఆగాడు. ఈసారి దాచకుండా అంతా చెప్పాను. అతను పెట్టె తీసి, ఒక్కో మూతను వెలుతురులో తిప్పి చూశాడు.

"మేడం, ఒక మాట అంటే కోపం జేయొద్దు. రబ్బరు గిది. ఏడేళ్లంటే జర జర బయటికి పోతనే ఉంటది. మీరు దాచిన్రనుకుంటున్రు గానీ, అది ఆగుతలేదు."

నాకు తెలియనిది కాదు. విద్యార్థులకు నేనే చెబుతాను, నెలలు దాటితే ఈ గొట్టాలను నమ్మొద్దని. నా సంగతికి వచ్చేసరికి ఆ పాఠం నాకు వర్తించదనుకున్నాను.

"అయినా పెట్టి లాభమేంది?" అన్నాను. "ఎంత తిన్నదో లెక్క లేదు. కాకి ముద్ద బరువు తెలియదు. ఎంత అరిగిందో తేలదు."

అతను ఆశ్చర్యంగా చూశాడు. "అమ్మ ఎంత అని అడిగిందా మేడం? అరిగిందా అనే గదా అడిగింది?"

ఎంత అన్నది నా ప్రశ్న. అత్తమ్మ ప్రశ్నకు ముద్ద బరువుతో పనే లేదు. గీత పైకి లేచిందా లేదా, అంతే. ఆ ఆదివారం నేను నోరు పారేసుకోకుండా ఉంటే, సోమవారం మధ్యాహ్నానికల్లా ఆమెకు జవాబు చెప్పగలిగేదాన్ని. ఏడాది పాటు అడిగింది. ఒక్కసారి కూడా ఆమె ఏమడుగుతుందో నేను వినలేదు.

మొదటి గొట్టం ఒక్కటైనా ఉంచుకుందామనుకున్నాను, ఏమీ తినకముందు ఊదింది. కానీ దానితో పోల్చి చూస్తేనే మిగిలినవాటికి అర్థం. జవాబు కావాలంటే పదమూడూ ఇవ్వాల్సిందే. మర్నాడు పొద్దున నేనే ఒక్కొక్కటిగా పెట్టాను, అతన్ని పెట్టనివ్వలేదు. సూది దిగిన ప్రతిసారీ చిన్న చప్పుడు. మొదటిది, రెండోది అడుగునే ఉన్నాయి. మూడో గొట్టానికి తెర మీద చుక్క కొంచెం లేచింది. నాలుగు. ఐదు.

"ఎక్కుతుంది, ఎక్కుతుంది మేడం! దేఖో!" అన్నాడు అతను.

ఏడో గొట్టం దాకా ఎక్కింది, తర్వాత నింపాదిగా దిగింది. ఏడేళ్ల పాత గొట్టాలు, ఆ అంకెలను ఏ పత్రికా అచ్చు వేసుకోదు. కానీ అది చూసి అరగలేదని అనగలిగే మనిషి లేడు. పెసరకట్టు తాగే పిల్లకు ఎలా అరగాలో, డెబ్బై దాటిన ఆ మనిషికి అలా అరిగింది. పెట్టె మీది కాగితం చింపేశాను. ఖాళీ గొట్టాలు కడగడానికి పంపేశాం.

మధ్యాహ్నం రైల్లో దబీర్‌పురా వెళ్లాను. వేళ కాని వేళలో వచ్చానని మా మరదలు కంగారుపడి, అన్నం, పెసరపప్పు వడ్డించింది. పళ్లెం పట్టుకుని డాబా ఎక్కాను. నేను ఎన్నడూ కాకికి పెట్టిన దాన్ని కాదు. మొదటి ముద్ద తీసి పిట్టగోడ మీద పెట్టాను. అది ఆమె ముద్ద కన్నా పెద్దదైంది, నా చేతికి ఆ కొలత రాదు.

"చూసిన అత్తమ్మా" అన్నాను. "అరిగింది."

తర్వాత గోడకు ఆనుకుని, ఆమె కూర్చున్న చోటే కూర్చుని, మిగిలిన అన్నం తిన్నాను. చెయ్యి కడుక్కున్నాక కూడా వెంటనే కిందికి దిగలేదు. నన్ను అడుగుతుందేమోనని కాసేపు చూశాను.